రాజుగారి మఠం పలక మీద గిట్ట

మా ఇంట్లో నేను చెప్పేవాటిని అబద్ధాలు అనరు. అమ్మ వెర్షన్ అంటారు. ఏ సంగతైనా నేను చెప్పడం పూర్తయ్యాక మా అమ్మాయి వాళ్ళ నాన్న వైపు తిరిగి, "ఓకే నాన్నా, నౌ ద రియల్ వన్" అంటుంది. బ్రిస్బేన్ పక్కన మేముండే స్ప్రింగ్‌ఫీల్డ్ లేక్స్‌లో కంగారూ ఒకటి మా పెరటి తలుపు తట్టి పెరుగన్నం అడిగిందని ఊరంతా చెప్పింది నేనే. అది అడగలేదు. కంగారూ రావడం మాత్రం నిజం, ఆ పూట గిన్నెలో పెరుగన్నం మిగలడమూ నిజం. రెండింటినీ కలపడం వరకే నా పని.

యాభై రెండేళ్ళుగా ఇలా కలుపుతూనే ఉన్నాను, ఎవరికీ ఏమీ కాలేదు. ఒక్కసారి మాత్రం ఒక పెద్దావిడ పదకొండేళ్ళ శ్రమ నా కలుపుడు వల్ల నీళ్ళపాలు కాబోయింది. ఆ సంగతి రాస్తున్నాను. ఇందులో కలిపినదేమీ లేదు. మా అమ్మాయి పక్కనుంటే ఈ వాక్యానికి నవ్వేది.

మొదట్లో నేను ఆ చోటికి వెళ్ళింది బాత్రూమ్ కోసం. బ్రిస్బేన్ నుంచి పడమరగా, పొద్దుతిరుగుడు తోటల్లో ఫొటోలు దిగుదామని బయల్దేరాం. కారు నడుపుతున్నది మా వీధి చివర ఉండే భాయ్. గుంటూరు మనిషి, ఈ దేశంలో ముప్పయ్యేళ్ళు ఫార్మసీ నడిపి రిటైరయ్యాడు. నన్ను చెల్లెమ్మా అంటాడు, నేను చెప్పేదేదీ నమ్మడు. దారిలో ఒక చిన్న ఊరు, ఊరి చివర ఒకప్పుడు వెన్న తీసిన ఫ్యాక్టరీ షెడ్డు, దాని మీద మ్యూజియం అన్న బోర్డు. నేను గబగబా లోపలికి వెళితే, బల్ల దగ్గర భూతద్దం పట్టుకుని కూర్చున్న తెల్లజుట్టు ఆవిడ నా మొహం చూసే గ్రహించింది.

"టాయిలెట్ ఎడమ పక్క. ఫ్రీ. తిరిగి వెళ్ళేటప్పుడు పలక చూసి వెళ్ళాలి, అదొక్కటే షరతు."

ఆవిడ మాట్లాడేది ఇంగ్లీషే. మనకోసం తెలుగులో పెడుతున్నాను.

షెడ్డు నిండా పాల క్యాన్లు, వెన్న చిలికే పెద్ద పెద్ద పీపాలు, గుర్రపు జీనులు, ఊరి మొదటి టెలిఫోను. నట్టనడుమ, వాటితో ఏ చుట్టరికమూ లేనట్టు, ఒక గాజుపెట్టెలో అరచేతికి కొంచెం పెద్దదైన మట్టిపలక. ఎర్రటి మట్టి, అందులో పొదిగిన పసుపురంగు మట్టితో ఒక సింహం. సింహానికి నవ్వొస్తున్నట్టుండే మొహం. తోక పక్కన, మూలకి, రెండు చీలికలుగా లోతుగా దిగిన ఒక గిట్ట గుర్తు. కింద కాగితం మీద మూడు లైన్లు: నేల పలక. ఇంగ్లండులోని రాజమఠానిది, మధ్యయుగం. కచ్చితంగా తెలియదు.

"రాజమఠం అంటే?" అని అడిగాను.

"ఒక రాజు కట్టించిన మఠం. సన్యాసులు అందులో ఉండి ఆయన ఆత్మ కోసం, ఆయన కుటుంబంవాళ్ళ ఆత్మల కోసం రాత్రీ పగలూ ప్రార్థనలు చేస్తూ ఉండాలి. ఎప్పటికీ."

"ఎప్పటికీ అంటే?"

"ఎప్పటికీ అంటే ఎప్పటికీనే."

"ఇప్పుడు చేస్తున్నారా?"

"లేదు."

"ఎవరు ఆపారు?"

"ఇంకో రాజు."

అంతే, నాకు పట్టుకుంది. ఎప్పటికీ అని మాట తీసుకున్నదొక రాజు, చాలు అన్నది మరో రాజు. ఇంత కథని మూడు లైన్లలో, అదీ కచ్చితంగా తెలియదు అనే లైనుతో ముగించి గాజుపెట్టెలో పెడితే ఎలా? మనవైపు రోడ్డు వారన ఉన్న రాయికైనా అరగంట స్థలపురాణం ఉంటుంది.

నా వెనకే లోపలికొచ్చిన భాయ్ వంగి పలక కేసి చూసి, "గొర్రె" అన్నాడు.

"ఆవుదూడ అయ్యుంటుంది భాయ్."

"చిన్నప్పుడు గొర్రెల్ని మేపినోణ్ణి, నాకు చెప్తావా? మేకదైతే ముందు కొసలు విచ్చుకుంటాయ్. దీనికి మొద్దుగా, దగ్గరగా ఉన్నాయ్ చూడు. ముందువైపు లోతెక్కువ. పరిగెత్తే గొర్రె ఇది."

ఆ రోజు అతని మాట ఎవరూ పట్టించుకోలేదు. నేను అసలే పట్టించుకోలేదు.

శనివారాలు సాయం చేసేవాళ్ళు దొరకడం లేదని ఆవిడ అన్నది. మరుసటి శనివారం నేనూ భాయ్ వెళ్ళాం. అతను తోటపని, నేను వచ్చినవాళ్ళకి చూపించే పని. మొదటివారం నేను ఆంటీ అని పిలిస్తే, "నేనెవరికీ ఆంటీని కాదు" అన్నది. మూడోవారానికి ఫోన్ చేసి, "నేను, ఆంటీని" అని తనే చెప్పింది.

ఆవిడ సంగతులు కొద్దికొద్దిగా తెలిశాయి. ఆ పలక ఆ ప్రాంతంలో పాడి చేసిన ఒక కుటుంబం ఇచ్చింది. వాళ్ళ ముత్తవ్వ ఇంగ్లండు నుంచి ఓడలో వస్తూ పెట్టె అడుగున తెచ్చుకుందట. తరతరాలుగా దాన్ని బోర్లించి వేడి గిన్నెలు దించారు, వెనకవైపు నల్లటి వలయం ఇంకా ఉంది. దానితోపాటు ఒక చీటీ: "రాజుగారి మఠానిది. మా పశువుల కొట్టం గోడలోంచి తీసింది." ఏ రాజు, ఏ మఠం అని లేదు. ఆవిడ ఆ కుటుంబం వచ్చిన ఊరిని వెతికి, దాని పక్కన శిథిలమైన ఒక రాజమఠాన్ని వెతికి, పదకొండేళ్ళుగా ఇంగ్లండుకి ఉత్తరాలు రాస్తోంది. జవాబులన్నిటిలో ఒకటే మాట. రాజు కట్టించిన మఠంలో గిట్ట పడి పాడైన పలక పరవరు. ఇది ఏదో బట్టీ దగ్గర పారేసినదై ఉంటుంది.

ఈలోగా ఆవిడ కళ్ళు పాడవుతున్నాయి. చూపు మధ్యలో ఒక మసకమచ్చ, అది పెరుగుతోంది. వచ్చే వేసవి తర్వాత అచ్చు చదవలేరని డాక్టర్లు చెప్పేశారు. ఆవిడ కోరిక చిన్నది. ఆ మూడో లైను పోవాలి. అది పోయిన కాగితాన్ని తన కళ్ళతో తను చదవాలి.

ఇది నాకు తెలుసు. తెలిసే చేశాను ఆ పని.

మా లేక్స్‌లో శనివారం పూట లలితా పారాయణం చేసుకునే ఆడవాళ్ళ బృందం ఒకటుంది. డాక్టర్లు, ఐటీ వాళ్ళు, ఒక ప్రొఫెసర్ గారు. ఒక శనివారం వ్యాను కట్టించుకుని పొద్దుతిరుగుడు తోటలకి వెళుతూ, నేను చెప్పానని మ్యూజియం దగ్గర ఆగారు. పలక చుట్టూ నిలబడ్డారు. మూడు లైన్లూ చదివారు. ఒకావిడ ఆవులించింది. ఆ ఆవులింతే నా కొంప ముంచింది.

"ఆ గిట్ట చూశారా అండీ?" అన్నాను.

"అవునండోయ్, ఏంటది?"

"అదంతా పెద్ద కథ. ఆ రాజుగారు వేటకెళ్ళి దారి తప్పాడు. మూడు రోజులు తిండి లేదు, నీళ్ళు లేవు. అడవి మధ్యలో ఒక దిబ్బ. రోజూ పొద్దున్నే ఒక ఆవు మంద విడిచి వచ్చి ఆ దిబ్బ మీద నిలబడి, దానంతటది పాలు కార్చి వెళ్ళిపోతోంది."

"అయ్యో, అచ్చం మనకిలాగే!"

"దేవుడు ఎక్కడైనా దేవుడే కదండీ. ఆ పాలు తాగి రాజు బతికాడు. ఆ దేవుడే కలలో కనిపించి, ఇక్కడే నాకు గుడి కట్టు అన్నాట్ట. కట్టించాడు. నేలకి పలకలు ఆరబెడితే, ఆ ఆవు దూడ గెంతుకుంటూ వచ్చి సరిగ్గా సింహం పక్కన కాలు పెట్టింది. మేస్త్రీ పారేయబోయాడు. రాజుగారు పరిగెత్తుకొచ్చి, ఒరేయ్ ఆగు, ఇది నా సింహాసనం ముందు పరవండి, రోజూ దీనికి మొక్కే నేను కూర్చుంటాను అన్నాడు."

"ఇంగ్లండ్ రాజు ఒరేయ్ అన్నాడా అండీ?" అని ప్రొఫెసర్ గారు.

"వాళ్ళ భాషలో ఏదో అనే ఉంటాడు లెండి."

తర్వాత జరిగింది నేననుకోలేదు. మొదట ఒకావిడ చెప్పులు విడిచింది. ఆవిడని చూసి అందరూ విడిచారు. ఏడుగురూ గాజుపెట్టె చుట్టూ మూడు ప్రదక్షిణలు చేశారు. ఒకావిడ బయట భాయ్ పెంచుతున్న మందారం కోసుకొచ్చి గాజు మీద పెట్టింది. ఇంకొకావిడ హ్యాండ్‌బ్యాగ్‌లోంచి కుంకుమ భరిణె తీసి గాజుకి ఒక బొట్టు అద్దింది. ఫొటో తీసుకున్నారు. ప్రొఫెసర్ గారు కూడా.

బల్ల దగ్గర ఆంటీ తల పక్కకి వాల్చి, చూపు అంచుల్లోంచి ఇదంతా చూస్తూ ఉంది.

ఆ వారం నుంచి జనం రావడం మొదలైంది. పెళ్ళికని దూరాన కెల్లీవిల్ నుంచి బ్రిస్బేన్ వచ్చిన మనవాళ్ళెవరో దారి కనుక్కుని వచ్చి, "ఆవు మఠం ఇదేనాండీ?" అని భాయ్‌ని అడిగారు. భాయ్ వాళ్ళకి బాత్రూమ్ దారి చూపించి, "ఆవూ లేదు, మఠమూ లేదు. గొర్రె ఉంది, చూడండి" అన్నాడట. వాళ్ళు నవ్వి లోపలికొచ్చి ప్రదక్షిణలు చేశారు.

ఒక శనివారం టీ వేళకి ఆంటీ నన్ను పిలిచింది. "మీవాళ్ళకి ఈ పలక అంటే ఎందుకంత గౌరవం? వాళ్ళకేదో తెలుసు. నాకు తెలియనిది."

ఇక్కడ నేను నిజం చెప్పి ఉంటే ఈ రాత లేదు. ఆవిడ మొహంలో అంత ఆశ చూసి, పోనీలే ఒక పూట సంతోషపడుతుంది అనుకున్నాను. ఆవు కథ ఇంగ్లీషులో చెప్పాను.

"ఇది మీకెవరు చెప్పారు?"

"మా ముత్తాతకి" అన్నాను. నోరు తనంతట తనే నడిచిపోతోంది. "మా గోదావరి మీద ఆనకట్ట పనులు జరిగే రోజుల్లో ఇంగ్లండు నుంచి ఒక ఇంజినీరు వచ్చాడట. వాళ్ళది ఆ మఠం పక్క ఊరేనట. సాయంత్రాలు గట్టు మీద కూర్చుని మా ముత్తాతకి చెప్పేవాడట."

ఆంటీ పెన్ను తీసింది. పెద్ద పెద్ద అక్షరాలతో, లైను మీద లైను ఎక్కుతూ, రెండు పేజీలు రాసుకుంది. మఠం గురించి ఇంకో దేశంలో, ఇంకో దారిన నిలిచిన జ్ఞాపకం. పదకొండేళ్ళుగా ఆవిడకి దొరకనిదల్లా అటువంటి రెండో సాక్ష్యమే. ఆ పేజీలు ఫైలులో పెట్టి, పాత పలకల గురించి చదువుకున్న ఒక ఎక్స్‌పర్ట్‌కి పంపించేసింది. ఆ ఎక్స్‌పర్ట్ బ్రిస్బేన్‌లోనే ఒక యూనివర్సిటీలో పనిచేస్తోంది. పదిరోజుల్లో జవాబు వచ్చింది: ఫైలు చూశాను, ఆవు కథ ఆసక్తిగా ఉంది, నెలాఖరు శనివారం వస్తాను, ఆ కథ చెప్పిన గైడ్‌ని కూడా కలవాలి.

ఆ జవాబు వచ్చిన శనివారం తిరుగు ప్రయాణంలో భాయ్‌కి అంతా చెప్పాను. ఇప్స్‌విచ్ దాటాక అన్నాడు.

"ఎంత పని చేశావ్ చెల్లెమ్మా! ఆ ఎక్స్‌పర్ట్ ఏమన్నా పిచ్చిదా? ఫస్ట్ క్వశ్చన్‌లోనే పట్టేసిద్ది. అప్పుడు ఏమైద్దో తెల్సా? ఆవుతో పాటు ఫైల్ మొత్తం డస్ట్‌బిన్‌లో పడుద్ది. ఆంటీ రాసిన నిజం లెటర్స్ కూడా."

"ఆవిడ సంతోషపడుతుందని..."

"సంతోషం కాదు. ఆవిడకి కావల్సింది సర్టెన్. అది నీ దగ్గర లేదు. పొయ్యి చెప్పెయ్."

"ఎలా చెప్పను భాయ్?"

"అబద్ధానికి అడ్డు తగల్లేదు కదా నీ నోరు? నిజానికి మాత్రం తగులుద్దా?"

చెప్పేముందు కనీసం నేను పాడుచేసినదేమిటో చూద్దామనిపించింది. ఆంటీ ఫైలు జిరాక్సు అడిగి తెచ్చుకున్నాను. ఒక వారమంతా, పొద్దున మా ఆయన ఆఫీసుకి వెళ్ళగానే, వంటింటి బల్ల మీద పరుచుకుని చదివాను. మఠం చరిత్ర నేను చదవడం అదే మొదలు. గైడ్‌గా నాలుగు నెలలైంది అప్పటికి.

ఆవిడ వెతికిన మఠం కథ ఓడలో మొదలవుతుంది. రాజు సముద్రం మీద తిరిగొస్తూ తుఫానులో చిక్కుకున్నాడు. ఒడ్డుకి చేరిస్తే నీకు మఠం కట్టిస్తానని మొక్కుకున్నాడు. మొక్కు దగ్గర నేను ఆగిపోయాను. ఇదేదో మనవాళ్ళ వ్యవహారంలాగే ఉంది, మధ్యలో నా ఆవెందుకు? చేరాడు. తన చేత్తో మొదటి రాయి వేశాడు, రాణీగారు రెండోది. దేశంలో అంత పెద్ద చర్చి ఇంకోటి ఉండకూడదన్నాడు. అడవి అవతల నుంచి ఎద్దుబండ్ల మీద రాయి వచ్చేది, ఏళ్ళ తరబడి. తర్వాత ఒకరోజు రాజుగారికి మనసు మారింది. యుద్ధాలొచ్చాయి, కోటలు కట్టాలి. ఇకమీదట ఆ మఠం పనితో తనకి సంబంధం లేదన్నాడు. ఎందుకన్నాడో ఎవరూ రాయలేదు. మేస్త్రీలు వెళ్ళిపోయారు. సన్యాసులు సగం గోడల మధ్య మిగిలారు.

ఆ మిగిలినవాళ్ళ గురించే నాకు పట్టుకుంది. పొద్దున్నే లేచి సగం కప్పు లేని చర్చిలో వానలో నిలబడి, తమని వదిలేసిన రాజు ఆత్మ బాగుండాలని వాళ్ళు ఏం మనసుతో పాడి ఉంటారు? ఒక్కడైనా పెదవుల కింద ఇంకేమైనా అని ఉండడా? ఊరి రైతులకీ వాళ్ళకీ ఎప్పుడూ గొడవలు. గాలివాన వచ్చి సగం కట్టిన స్తంభాలు కూలాయి. అయినా రెండు మూడు వందల ఏళ్ళు ఉన్నారు. గొర్రెల్ని పెంచి, ఉన్ని అమ్ముకుని బతికారు. చివరికి ఇంకో రాజు వచ్చి దేశంలో మఠాలన్నీ మూసేయించాడు. ఉన్న కప్పు మీది సీసపు రేకులు కరిగించి పట్టుకుపోయారు, రాళ్ళు ఊళ్ళోవాళ్ళు పట్టుకుపోయారు. గోడలకీ, పందుల దొడ్లకీ, పశువుల కొట్టాలకీ.

గొర్రెలు అన్న మాట రెండోసారి చదివాను. లేచి భాయ్‌కి ఫోన్ చేశాను.

"వాళ్ళు గొర్రెల్ని పెంచారట భాయ్."

"నేను చెప్పి నాలుగు నెలలైంది" అని పెట్టేశాడు.

ఎక్స్‌పర్ట్ రావడానికి ముందటి శనివారం. వెనక వరండాలో ఆంటీ, నేను, టీ, కొబ్బరి చల్లిన లామింగ్టన్ కేకులు. తోటలో భాయ్ మందార మొక్క చుట్టూ కంచె కడుతున్నాడు, భక్తుల బాధ పడలేక.

"ఆవు కథ నేను అల్లింది" అన్నాను.

ఆవిడ కప్పు దించలేదు. "ఏ భాగం?"

"మొత్తం. ఆవు, దూడ, దిబ్బ, కల."

"ఇంజినీరు?"

"ఆయన కూడా."

"నీ ముత్తాత?"

"ముత్తాత ఉండేవాడండీ. కానీ ఆయనకి ఇంగ్లీషు రాదు."

ఆవిడ తోట వైపు తల తిప్పింది. కోప్పడితే బాగుండుననిపించింది. "ఆ రెండు పేజీలు రాయడానికి నాకు ఒక మధ్యాహ్నం పట్టింది" అన్నది. "నాకిక అటువంటి మధ్యాహ్నాలు ఎక్కువ లేవు."

నేను తినబోయిన కేకు ముక్క పళ్ళెంలో పెట్టేశాను.

"మీవాళ్ళ గురించి నువ్వు చెప్పినవాటిలో నిజం ఏదైనా ఉందా?" అని అడిగింది. వెటకారం లేదు, తెలుసుకుందామనే అడిగింది.

"మా తాతయ్యకి ఇటుకల బట్టీ ఉండేది. గోదావరి ఒడ్డున. అది నిజం."

"పచ్చి ఇటుకలు ఎక్కడ ఆరబెట్టేవాళ్ళు?"

"ఆరుబయట. నేల మీద, వరసలుగా."

"జంతువులు తొక్కేవా?"

"తొక్కకుండా ఉంటాయా? కుక్కలు, కాకులు, మేకలు. నా పాదం కూడా పడింది ఒకసారి, వీపు మీద ఒకటి పడింది."

"తొక్కినవాటిని పారేసేవాడా?"

నవ్వొచ్చింది. "తాతయ్యా? చెక్క అచ్చుతో చేసిన ఇటుకని పారేయడమా? అన్నిటితో కలిపి కాల్చేవాడు. పక్కన పెట్టి చివర్లో బండికెత్తించేవాడు. వంటింటి అరుగు కిందకి, గోడ లోపలికి, మూలలకి పోయేవి. కొన్నవాడు ఉన్నవాడైతే వెనక గోడలో పెట్టించుకునేవాడు, లేనివాడైతే ముందు గోడలో."

ఆంటీ కప్పు దించింది.

"రాజు వదిలేసిన మఠం," అన్నది నెమ్మదిగా, "ఉన్నవాడా, లేనివాడా?"

ఇద్దరం లేచి లోపలికి వెళ్ళాం. ఆవిడ గాజుపెట్టె తాళం తీసి, పలకని నా చేతుల్లో పెట్టింది. నాలుగు నెలల్లో నేను దాన్ని ముట్టుకోవడం అదే మొదలు. అనుకున్నంత బరువు లేదు. "సింహం మొహం తడిమి చెప్పు. అరిగిందా?" అరగలేదు. ముక్కు, మీసం అన్నీ వేలికి తగిలాయి. ఫైలులో ఉన్న మిగతా మఠాల పలకల ఫొటోల్లో సన్యాసులు నడిచి నడిచి బొమ్మలన్నీ నున్నగా అరిగిపోయి ఉన్నాయి. దీని మీద ఎవరూ నడవలేదు. ఏ మూలకో, ఏ బల్ల కిందో, పాదం పడనిచోట పరిచి ఉంటారు.

"ఇది నువ్వే చెప్పాలి ఆమెకి" అన్నది ఆంటీ. "ముందు ఆవు సంగతి. తర్వాత బట్టీ సంగతి. ఆ వరసలో."

ఆ వరసలోనే చెప్పాను. ఎక్స్‌పర్ట్ ముప్పై అయిదేళ్ళ మనిషి, జీన్స్, మెడలో వేలాడే చిన్న టార్చి దీపం. ఆవు సంగతి విని నవ్వలేదు, తిట్టలేదు. ఆ రెండు పేజీలూ ఫైల్లోంచి తీసి నా చేతికిచ్చి, "మీవి" అన్నది. అంతకంటే తిట్టినా బాగుండేది. బట్టీ సంగతి మాత్రం రెండుసార్లు చెప్పించుకుంది. ఎండబెట్టే వరసల మధ్య ఎడం ఎంత, తొక్కినవి ఎన్నాళ్ళు పక్కన ఉండేవి, అన్నీ అడిగి రాసుకుంది. దీపం వేసి గిట్టని చాలాసేపు చూసింది.

"గొర్రె" అన్నది. "చిన్నది. పరిగెత్తుతోంది."

తలుపు దగ్గర భాయ్ గొంతు సవరించుకున్నాడు.

అరగంట తర్వాత ఆమె ఆంటీ ఎదురుగా కూర్చుంది. "పాడైన పలక కాబట్టి రాజమఠానిది కాదు అన్న వాదన బలమైనది కాదు. నేను అలాగే రాసిస్తాను. మట్టి, సింహం, రెండూ ఆ కాలానికి సరిపోతాయి. కానీ అదే మఠమని నేను చెప్పలేను. అక్కడి నేలలో ఇదే అచ్చుతో చేసిన ఇంకో సింహం దొరకాలి."

"దొరుకుతుందా?"

"తవ్వితే. తవ్వుతారో లేదో తెలియదు."

"నేను బతికుండగా?"

ఆమె రాసుకున్న పుస్తకం మూసింది.

"అయితే మూడో లైను ఉంటుంది" అన్నది ఆంటీ.

"ఉంటుంది."

వంటగదిలో కెటిల్ దానంతటది టక్కున ఆగింది. ఆంటీ లేచి టీ పోయడానికి వెళ్ళింది. నాలుగు కప్పుల్లో ఒకటి నిండి పొర్లేదాకా పోసింది. నేను తుడిచాను. ఆవిడ ఏడవలేదని రాస్తున్నాను, చూడలేదు కాబట్టి. నేను బల్లనే చూస్తూ తుడిచాను.

మరుసటి శనివారం వెళ్ళేసరికి బల్ల మీద తెల్ల అట్ట, లావు నల్ల స్కెచ్‌పెన్ను ఉన్నాయి.

"కాగితం మారుద్దాం" అన్నది ఆంటీ. "అక్షరాలు పెద్దవి కావాలి. నువ్వు రాయి. నేను చెప్పింది రాయి, అంతకు మించి ఒక్క ముక్క రాశావంటే తెలిసిపోతుంది."

నేల పలక, రాశాను. ఇంగ్లండులోని రాజమఠానిది, మధ్యయుగం, రాశాను. కచ్చితంగా తెలియదు, రాశాను. ఆ మూడో లైను రాయడానికి నాకు చెయ్యి రాలేదు, కానీ రాశాను.

ఆవిడ తల పక్కకి వాల్చి, చూపు అంచుతో అక్షరం అక్షరం పట్టుకుంటూ చదివింది. చదివి, "మనకి కచ్చితంగా తెలిసింది ఏమైనా ఉందా అసలు?" అన్నది, ఎవర్నీ అడగనట్టు.

తోట తలుపులోంచి భాయ్ అన్నాడు. "షీప్."

ఆంటీ భుజాలు కదిలాయి. నవ్వుతోందని నాకు కాసేపటికి గానీ తెలియలేదు. నవ్వు ఆగాక నాలుగో లైను చెప్పింది: "కాల్చకముందు దీని మీద ఒక గొర్రె కాలు పెట్టింది. ఇది కచ్చితంగా తెలుసు."

రాశాను. ఆవిడ ఆ అట్టని కిటికీ వెలుగులోకి పట్టుకుని, నాలుగు లైన్లూ పైకి చదివింది. నాలుగోది రెండుసార్లు చదివింది. తర్వాత గాజుపెట్టెలో తనే పెట్టింది.

ఆ మధ్యాహ్నం లేక్స్ నుంచి ఒకావిడ వాళ్ళ అత్తగారిని తీసుకుని వచ్చింది. అత్తగారి చేతిలో ఇంటి నుంచే తెచ్చిన మందారాలు, ప్లాస్టిక్ కవర్లో. "ఆవు కథ చెప్పండమ్మా, మా కోడలు మీ నోట వినమంది" అన్నది.

నా నోటి దాకా వచ్చింది ఆవు. మంద విడిచి, దిబ్బ ఎక్కి, పాలు కార్చడానికి సిద్ధంగా నిలబడింది. బల్ల దగ్గర ఆంటీ భూతద్దం కింద పెట్టింది.

"ఆవు లేదండీ" అన్నాను. "అది నేను అల్లింది. గొర్రె ఉంది. రాజు మొక్కు మధ్యలో వదిలేశాడు, సన్యాసులు గొర్రెల్ని పెంచుకుని బతికారు. వాటిల్లోదో, ఇంకెవరిదో తెలియదు. ఒక గొర్రె మాత్రం పరిగెత్తింది."

అత్తగారు వంగి ఆ గిట్టని చూసింది. పలక వైపు, పూల వైపు, నా వైపు చూసింది.

"పాపం, ఎవరు తరిమారో" అన్నది. "గొర్రెకి పువ్వు పెట్టొచ్చా అమ్మా?"

బల్ల వైపు తిరిగాను. తెలుగు ముక్క రాకపోయినా ఆంటీకి ఆ కవర్లో ఏముందో, అత్తగారు ఏమడిగి ఉంటుందో తెలుసు.

"గాజు మీద వద్దు" అన్నది తలెత్తకుండా. "పక్కన పెట్టమను."